బార్జీ మీద ఇల్లు చూపులు

పెళ్ళిచూపుల్లో మా నాన్న అడిగిన మొదటి ప్రశ్న దగ్గరే బండి ఆగిపోయింది. అదేమీ గడ్డు ప్రశ్న కాదు. ఏ ఆడపిల్ల తండ్రయినా అడిగేదే.

“ఏటి పని సేస్తన్నావు బాబూ?”

“సముద్రంలో ఆ బార్జీ ఉన్నాది కదండీ, దాని మీదండి.”

“ఆ ముక్క మీ వదిన సెప్పింది. దాని మీద ఏటి పనీ అని అడుగుతన్నాను.”

“అది సెప్పకూడదండి.”

మా మేనత్త నోటి దగ్గరికి తీసుకెళ్ళిన జంతిక అక్కడే ఆగిపోయింది. మా అమ్మ నావైపు చూసింది. పెళ్ళికొడుకుని వెంటబెట్టుకొచ్చిన వాళ్ళ వదిన నేలవైపు చూసింది. నేను మాత్రం ఆ పూట మొదటిసారి తలెత్తి ఆ అబ్బాయిని సరిగ్గా చూశాను. అంతకుముందు నన్ను చూసిపోయిన వాళ్ళంతా లేనివి కూడా ఉన్నాయని చెప్పుకున్న రకం. ఇతను చెవులు ఎర్రబడి, చొక్కా వీపుకి అతుక్కుపోతున్నా, ఓ చిన్న అబద్ధం కూడా ఆడలేదు. ‘కంప్యూటర్లండి’ అని ఓ మాట పడేస్తే సరిపోయేది. ఆ రోజుల్లో కంప్యూటరంటే ఎవరూ రెండో ప్రశ్న వేసేవారు కాదు. నాకు నచ్చేశాడు. నచ్చితే నచ్చాడని చెప్పడానికి నాకు మొహమాటం ఎప్పుడూ లేదు గాని, ఆ పూట నన్ను ఆ మాట అడిగే స్థితిలో ఎవరూ లేరు.

మాది కళింగపట్నం. వంశధార సముద్రంలో కలిసే చోట, పడవలవాళ్ళకి తాళ్ళు, వలదారం, రంగులు, మేకులు, టార్పాలిన్లు అమ్మే కొట్టు మాది. డిగ్రీ అయ్యాక నేనూ కొట్లోనే కూర్చునేదాన్ని. ఆ ఏడు వానలు వెనకబట్టాక ఒకరోజు పొద్దున్న లేచి చూస్తే, ఒడ్డుకి కాస్త దూరంలో ఒక బార్జీ లంగరేసి ఉంది. బార్జీకి ఇంజనుండదు. బల్లపరుపుగా ఉండే పెద్ద ఇనుప పడవ అది, ఇంకో ఓడ వచ్చి లాక్కుపోతేనే కదులుతుంది. దాని మీద పెద్ద పెద్ద ఇనుప గదులు ఒకదాని మీద ఒకటి పేర్చడం మొదలుపెట్టారు. మూడంతస్తులు లేచాయి. లేచినదాన్ని లేచినట్టే పైనుంచి కిందదాకా నీలం టార్పాలిన్ పట్టాలతో కప్పేశారు. పొద్దస్తమానం లోపల్నుంచి సుత్తిదెబ్బలూ, పట్టాల సందుల్లోంచి వెల్డింగు మెరుపులూ. ఎవరో పెద్ద కంప్యూటర్ల కంపెనీదని మాత్రం తెలిసింది. పనివాళ్ళందరిచేతా బయట నోరు విప్పబోమని సంతకాలు పెట్టించుకున్నారట. ఒడ్డుకొచ్చి టీ తాగినా ఎండ గురించీ క్రికెట్ గురించీ తప్ప మాట్లాడేవారు కాదు.

ఊరికి అంతకంటే ఏం కావాలి? తేలే హోటలన్నారు. సినిమా సెట్టింగన్నారు. సముద్రం అడుగున బంగారం తోడతారన్నారు. ఇంటర్నెట్టు అందులోనే పుట్టి తీగల్లోకి ఎక్కుతుందని మా కొట్టు ఎదురుగా సైకిళ్ళు బాగుచేసే ఆయన గట్టిగా వాదించేవాడు. సరిగ్గా అప్పుడే పేపర్లో ఒక వార్త పడింది. అమెరికాలో కూడా ఏదో కంప్యూటర్ల కంపెనీ ఇలాగే బార్జీల మీద గుట్టుగా అంతస్తులు లేపుతోందట, అవేమిటో అక్కడి వాళ్ళకే అంతు చిక్కడం లేదట. ఆ పేపరు మా కొట్లో చిరుగులు పడేదాకా చేతులు మారింది. “సూసినావా, అమెరికావోళ్ళకీ తెల్దట!” అని ఊరంతా సంబరపడిపోయింది. ఎందులో అయితేనేం, అమెరికాతో సమానమయ్యాం.

అందరికీ అది కాలక్షేపం. మా ఇంట్లో మాత్రం అది పెళ్ళి మాట అయి కూర్చుంది. అబ్బాయిది బొబ్బిలి. వాళ్ళదీ మాలాగే వర్తకుల ఇల్లు. అన్నావదినలు కిరాణా కొట్టు చూసుకుంటుంటే తను డిప్లొమా చదివి ఇనుము పనిలోకి వచ్చాడు. గోత్రాలు కుదిరాయి, జాతకాలు కుదిరాయి, వాళ్ళ వదినా మా అమ్మా ఒక్క పూటలో అప్పచెల్లెళ్ళయిపోయారు. అన్నీ కుదిరి ఈ ఒక్క మాట దగ్గర మా నాన్న మొండికేశాడు.

“ఏటి సేస్తన్నాడో సెప్పనోడికి గుంటనెలాగిస్తాం? రేపు ఎవలైనా మీ అల్లుడేటి సేస్తాడంటే ఏటనాల? సెప్పకూడదండీ అనాలా?”

సరిగ్గా అదే సమయానికి సాలూరు సంబంధం వచ్చి పడింది. లారీలవాళ్ళు. మా నాన్న మురిసిపోయాడు. “లారీ అంటే కంటికి కనపడతాది. సక్రాలు లెక్కెట్టుకోవచ్చు” అన్నాడు. మాఘమాసంలో ముహూర్తాలున్నాయి, ఈలోగా బార్జీ సంగతి తేలితే తేలినట్టు, లేకపోతే సాలూరే అని ఇంట్లో ప్రకటించేశాడు. సాలూరు అబ్బాయి బంగారంలాంటివాడే అయ్యుండొచ్చు. నేను ఆ ఫోటో కవరులోంచి బయటికి తియ్యలేదు.

బార్జీకి కావలసిన చిల్లర సామానంతా మా కొట్లోనే కొనేవారు. ఊళ్ళో ఇంకో కొట్టు లేదు మరి. అంతకుముందు ఎవరో ఒకరు వచ్చి పట్టుకెళ్ళేవారు. పెళ్ళిచూపులయ్యాక అతనే రావడం మొదలుపెట్టాడు. వచ్చి ఓ తాడు చుట్ట అడిగేవాడు. మళ్ళీ వచ్చి ఇంకో చుట్ట. అతను కొన్న తాడంతా కలిపి కడితే ఆ బార్జీని ఏటికి ఎదురు శ్రీముఖలింగం దాకా లాక్కుపోవచ్చు. నేను తాడు కొలిచేదాన్ని, అతను రెండో కొస పట్టుకునేవాడు. అంతే. అదే మా ప్రేమ వ్యవహారం.

మా నాన్న మాత్రం గల్లాపెట్టె వెనక కూర్చుని, కొన్న సరుకుని బట్టి గుట్టు లాగాలని చూసేవాడు. ఏ ఇంట్లో పెళ్ళో, ఏ ఇంట్లో పురుడో, కొన్న సామాన్లు చూసి చెప్పెయ్యగల మనిషి ఆయన.

“దోమల చుట్టలు కొన్నాడంటే మనుసులు పడుకుంటారు. అద్దాలు తుడిసే గుడ్డలడిగినాడంటే అద్దాలున్నాయి. హోటలే!” అనేవాడు ఒక పూట. మర్నాడు నల్ల టేపు కొంటే, “కాదు, సినిమా హాలు” అనేవాడు. ఆ మర్నాడు వేపనూనె అడిగాడని విని ఆస్పత్రేనని తేల్చేశాడు. మా అమ్మకి విసుగొచ్చింది.

“సెప్పకూడదన్నాడు గదా, ఇంక ఒగ్గీండి. మీరు కొన్న ధర నాకెప్పుడైనా సెప్పినారా?”

“అది యాపారం” అన్నాడు మా నాన్న.

“అదీ యాపారమే” అంది అమ్మ. ఆ పూట కూరలో ఉప్పు కూడా వెయ్యలేదు.

ఒక మధ్యాహ్నం నాన్న భోజనానికి వెళ్ళినప్పుడు అతను వచ్చాడు. నేను తాడు చుట్ట బల్ల మీద పెట్టి, “ఇంత తాడు ఏటి సేసుకుంటారండీ?” అన్నాను.

“సెప్పకూడదండి” అన్నాడు. ఇద్దరం నవ్వాం. అతను నవ్వితే కింది పెదవి ఒక పక్కకి జరుగుతుంది. ఆ సంగతి నాకు ఆ రోజే తెలిసింది.

అప్పుడు చెప్పేశాను. “మా నాన్న సాలూరు అంటన్నాడు. మాఘమాసంలోనే.”

అతని నవ్వు ఆగిపోయింది. కాసేపు బల్ల మీద తాడు కొసని విప్పి మళ్ళీ పేనుతూ నిలబడ్డాడు. “ఈ పని పోతే ఇంకోటి దొరుకుతాదండి” అన్నాడు, నాతో కాదు, తాడుతో అన్నట్టు. తాడు అక్కడే మర్చిపోయి వెళ్ళిపోయాడు.

నాకు ఒళ్ళు మండింది. అతని మీద కాదు, మా నాన్న మీద. భోంచేసి వచ్చి కూర్చున్నాడో లేదో అనేశాను. “నాన్నా, నాకు ఆ అబ్బాయే కావాల. సాలూరోళ్ళ ఫోటో తిప్పి పంపీ.”

ఇలా అంటే కొట్టు కప్పు ఎగిరిపోతుందనుకున్నాను. ఆయన కళ్ళజోడు తీసి తుడుచుకుని, “ఆడి కొట్టు సూడకుండా ఎలాగే?” అన్నాడు, నిజంగా దిగులుగా.

ఆ మాట అర్థం కావాలంటే మా ఇళ్ళ పద్ధతి చెప్పాలి. పిల్లనిచ్చే ముందు ఇల్లు చూపులకి వెళ్ళడం అందరికీ ఉన్నదే. వర్తకం చేసుకునే మాకు ఇల్లు చూడ్డమంటే కొట్టు చూడ్డం. పెళ్ళికొడుకు గల్లాపెట్టె దగ్గర కూర్చుంటాడు. ఆడపిల్ల తండ్రి సరుకు మీద చెయ్యి వేసి చూస్తాడు, బస్తా మీద కూర్చుని కాఫీ తాగుతాడు. ఆ తరవాతే తాంబూలం. చెయ్యి వేసి చూడకుండా తాంబూలం ఇచ్చినవాడు మా వంశంలో లేడని మా నాన్న నమ్మకం. బొబ్బిలి కొట్టు అన్నగారిది. మరి ఇతని కొట్టేది? మా నాన్న బాగా ఆలోచించి, అదేదో పెద్ద లెక్క తేలినట్టు చెప్పాడు.

“ఆ బార్జీయే ఆడి కొట్టు. ఎల్లి సూద్దాం.”

రానివ్వరని అందరం చెప్పాం. ఇల్లు చూపులకొచ్చినోళ్ళని ఎనక్కి పంపిన ఇల్లు ఈ చుట్టుపక్కలేదీ లేదన్నాడు. అది ఇల్లు కాదు మొర్రో అన్నా వినలేదు.

మంచిరోజు చూసుకుని బయల్దేరాం. మా దగ్గర తాళ్ళు కొనే ఆయన ఒకడు తన ఇంజను పడవ కడిగి, పసుపురాసి తెచ్చాడు. మా నాన్న జరీ పంచె కట్టాడు. అమ్మ చేతిలో తాంబూలం పళ్ళెం, మేనత్త ఒళ్ళో లడ్డూల డబ్బా. ఆచారం ప్రకారం పెళ్ళికూతురు ఇల్లు చూపులకి వెళ్ళకూడదు. అమ్మకి కళ్ళు తిరిగితే పట్టుకోవాలి కదా అని నేనూ ఎక్కేశాను. అసలు తరతరాలుగా పడవలకి తాళ్ళు అమ్మి బతికిన మా ఇంట్లో పడవెక్కినవాళ్ళు ఎవరూ లేరు. మొదటి కెరటానికే మేనత్త “ఓలమ్మో!” అని నా జడ పట్టుకుంది, మళ్ళీ ఒడ్డుకి వచ్చేదాకా వదల్లేదు. కళ్ళు తిరిగింది నాకు. అమ్మ హాయిగా కూర్చుని చేపలు ఎగరడం చూసింది.

దగ్గరికి వెళ్ళేసరికి బార్జీ ఒడ్డు నుంచి కనబడినట్టు లేదు. మా వీధి పొడుగున్న ఇనుప గోడలా నిలబడింది. పక్కలకి లారీ టైర్లు వేలాడుతున్నాయి. పైన నీలం పట్టాలు గాలికి ఉబ్బి పటపటలాడుతున్నాయి. అంచు మీద కాపలా ఆయన ఈల ఊది, “దూరం! దూరం! పడవ ఎనక్కి తియ్యండి!” అని అరిచాడు.

మా మేనత్త నా జడ వదలకుండానే లేచి అరిచింది. “ఇల్లు సూపులకొచ్చాం నాయినా! తాంబూలం తెచ్చాం!”

ఈల నోట్లోంచి జారి ఆయన మెడలో వేలాడింది. పాపం ఆయనా మా వైపువాడే. తాంబూలంతో వచ్చిన వాళ్ళని ఏ మొహంతో పొమ్మంటాడు? లోపలికి పరిగెత్తి, హైదరాబాదు నుంచి వచ్చిన ఆఫీసరొకాయన్ని తీసుకొచ్చాడు. ఆఫీసరుకి విషయం అర్థం కావడానికే కాసేపు పట్టింది.

“అమ్మా, లోపలికి ఎవర్నీ రానివ్వకూడదు. కలెక్టరుగారొచ్చినా ఇంతే.”

“కలెక్టరుకి మా గుంటనివ్వట్లేదు నాయినా” అంది మేనత్త.

పట్టాల సందుల్లోంచి ఒక్కొక్కటే హెల్మెట్లు బయటికొచ్చాయి. పనివాళ్ళంతా సుత్తులు ఆపి అంచుకి చేరారు. ఆఫీసరు నవ్వు ఆపుకోలేక మొహం తిప్పుకున్నాడు. చివరికి లోపలికి మాత్రం వద్దని, అబ్బాయిని అంచు దాకా పిలిపించాడు. అతను పరిగెత్తుకొచ్చి, మమ్మల్ని చూసి, స్తంభంలా నిలబడిపోయాడు. మా పడవని టైర్ల పక్కకి తెచ్చారు. నాన్న ముందు తన పద్ధతి ప్రకారం చెయ్యి చాపి బార్జీ ఇనుము మీద వేసి చూశాడు. అరచేతికి ఎర్ర రంగు అంటుకుంది. ఇంకా ఆరలేదు.

“బాబూ, నేను సరుకు సూడకుండా బేరమాడినోణ్ణి కాదు” అన్నాడు. “లోపలికి రానీరు, సరే. నోటితో సెప్పు. ఇక్కడ ఏటి కడతన్నావు?”

అంతమంది తోటి పనివాళ్ళు, పై అధికారి, ఆడపెళ్ళివాళ్ళు. అతను హెల్మెట్ తీసి చంకలో పెట్టుకుని, అంచు మీద మోకాళ్ళ మీద కూర్చుని మా పడవ మీదికి వంగాడు. మా నాన్న మొహంలోకి సూటిగా చూశాడు. చెబితే ఉద్యోగం పోతుంది, చెప్పకపోతే నేను సాలూరు పోతాను. చెప్పొద్దని అరవాలనీ ఉంది, చెప్పెయ్యమని అరవాలనీ ఉంది.

“సెప్తానండి” అన్నాడు. “ఉన్నమాట సెప్పేస్తాను. ఆ తరవాత మీ ఇష్టం. ఇక్కడ కడతన్నదేటంటే...”

“ఏయ్!” అన్నాడు ఆఫీసరు.

మా నాన్న లేచి నిలబడ్డాడు. పడవ ఒక పక్కకి ఒరిగిపోయింది. ఒక చేత్తో టైరు పట్టుకుని, రెండో చేత్తో అబ్బాయి నోరు మూసేశాడు.

“సెప్పకు. సాలు” అన్నాడు. తరవాత వెనక్కి తిరక్కుండానే, “ఒసే, తాంబూలం తే!” అని అమ్మని కేకేశాడు.

చెయ్యి తీసేసరికి అబ్బాయి మూతి నిండా ఎర్ర రంగు. పనివాళ్ళు ఈలలు వేశారు. తాంబూలం అందుకోవడానికి మగపెళ్ళివాళ్ళ తరఫు పెద్ద ఎవరూ లేకపోతే, ఆ హైదరాబాదు ఆఫీసరే బూట్లు విప్పి, వంగి, రెండు చేతులా పళ్ళెం అందుకున్నాడు. సగం అరటిపళ్ళు కెరటం తినేసింది. లడ్డూలు మాత్రం అంచు మీదున్న వాళ్ళందరికీ అందాయి. నేను ఏడుస్తూ నవ్వుతూ ఉంటే, మేనత్త జడ లాగి, “పెళ్ళికూతురివి, కాస్త సిగ్గుపడవే” అని తిట్టింది.

మాఘమాసంలోనే పెళ్ళయింది. బార్జీ మీదివాళ్ళంతా వచ్చారు, ఆఫీసరుతో సహా. ఆ ఎండాకాలం ఒక లాగుడు ఓడ వచ్చి బార్జీని కట్టుకుని లాక్కుపోయింది. కంపెనీవాళ్ళు మనసు మార్చుకున్నారని, ఆ పని ఇంక లేదని చెప్పుకున్నారు. ఊరంతా ఒడ్డున నిలబడి చూశాం. పట్టాలు విప్పకుండానే, అదేమిటో ఎవరికీ తెలియకుండానే, అది చిన్నదవుతూ చిన్నదవుతూ కనుమరుగైపోయింది.

“పని అయిపోయింది కదా, ఇప్పుడైనా నాతో సెప్పొచ్చు గదా?” అన్నాను మా ఆయనతో.

ఆయన తల గోక్కున్నాడు. “ఏటి సెప్పమంటావు? నాకు తెలిస్తే గదా.”

మా ఆయన కట్టింది మెట్లట. మూడంతస్తులకీ మెట్లూ, వాటికి కమ్మీలూ. ఎవరి పని వాళ్ళదే, పక్క గదిలోకి తొంగి చూడనిచ్చేవారు కాదట. మనుషులు ఈ మెట్లెక్కి ఎక్కడికెళ్తారండీ అని ఓసారి అడిగితే, ముందు మెట్లు సరిగ్గా కట్టవయ్యా అన్నారట.

“మరి పెళ్ళిచూపుల్లో ఆ ముక్కే సెప్పొచ్చు గదా?”

“ఏటి కడతన్నానో నాకే తెల్దంటే మీ నాన్న పిల్లనిస్తాడా? సెప్పకూడదంటే కాస్త మర్యాదగా ఉంటాదనుకున్నాను.”

“అయితే ఆ రోజు బార్జీ అంచు మీద సెప్పబోయింది...”

“అదే. తెల్దని.”

నవ్వి నవ్వి ఇసకలో కూలబడ్డాను. చుట్టూ ఉన్నవాళ్ళు బార్జీ పోయిందని ఏడుస్తున్నాననుకుని ఓదార్చడానికి వచ్చారు.

మా ఆయన ఇప్పుడు శ్రీకాకుళంలో గేట్లూ గ్రిల్లులూ చేసే షెడ్డు నడుపుతున్నాడు. మెట్లు కూడా, అడిగితే. మా నాన్న మాత్రం కొట్టుకొచ్చిన ప్రతివాడికీ ఆ కథ చెప్పడం మానలేదు. “మా అల్లుడి కడుపులో సముద్రం దాక్కుంటాది. అన్నం పెట్టినోడి గుట్టు నాకోసం బయటెట్టబోతే నేనే ఆపినాను” అని మీసం మీద చెయ్యి వేసుకునేవాడు. వింటున్న ప్రతిసారీ నాకు లోపల్నుంచి నవ్వు తన్నుకొచ్చేది, ఆ వెనకే కాస్త దిగులేసేది. ముసలాయన ఇంత గొప్పగా మోస్తున్న మూటలో ఏమీ లేదు కదా అని.

ఒకసారి పుట్టింటికి వెళ్ళినప్పుడు, ఎవరో పడవ ఆయన తాడు కోసం వచ్చాడు. నాన్న తాడు కొలుస్తూ మళ్ళీ ఆ కథ మొదలుపెట్టి, రంగు చెయ్యి దాకా చెప్పాడు. ఆయన నవ్వి, ఎదురుగా టీ తాగడానికి వెళ్ళాడు. నేను ఇంక ఆపుకోలేకపోయాను.

“నాన్నా, ఆయనకేటీ తెల్దు. ఆయన కట్టింది మెట్లు. ఆ బార్జీ ఏటో ఆయనకీ తెల్దు.”

నాన్న తల ఎత్తలేదు. మూర మీద మూర వేస్తూనే ఉన్నాడు.

“నాకు ఆ రోజే తెలుసు” అన్నాడు.

“ఎలాగ?”

“సరుకుండీ లేదన్నోడు ఓపాలైనా లోపలికి సూస్తాడే. ఎంత గట్టోడైనా సూస్తాడు. సరుకే లేనోడు మన మొకంలోకి సూస్తాడు. నీ మొగుడు ఆ బార్జీ కేసి ఒక్కపాలి ఎనక్కి తిరగలేదు. నా మొకమే సూసినాడు. తెల్దంటే పిల్ల దక్కదని తెలిసీ, తెల్దనే సెప్పబోయినాడు.”

“మరి సెప్పనివ్వలేదేటి?”

నాన్న కత్తి తీసి తాడు తెంపాడు. కొసని నిప్పుపుల్లతో కాల్చి, వేళ్ళతో నొక్కాడు.

“అంతమంది ముందర నిలబెట్టి, ఇంటల్లుడి సేత ‘నాకు తెల్దండీ’ అనిపించమంటావేటే?” అన్నాడు. “ఆ చివరి చుట్ట ఇలా అందుకో.”